పళ్ళెంలో వచ్చిన పుస్తకం

పోయినవారం మనం మలేషియాలో మువార్ నది ఒడ్డున రొగయా టీచర్ ఇంటి ముందు నల్ల కారు ఆగడం చూశాం. చెల్లెలు సల్బియాను మట్టిచేసి వచ్చిన ఇల్లది. సల్బియా ఒక్కగానొక్క కూతురు ఇదాయు కౌలాలంపూర్‌లో ఉద్యోగం వదిలేసి వచ్చి, పెద్దమ్మ ఒళ్ళో తలపెట్టుకుని తనకు జరిగింది చెప్పింది. ఆ పని చేసినవాడు ఫైరూజ్. రొగయా నవలలన్నీ అచ్చువేసిన సంస్థ యజమానురాలు, అందరూ గౌరవంగా దాతిన్ అని పిలిచే మర్లియా కొడుకు. ఆ సంస్థలో ప్రూఫులు దిద్దే ఉద్యోగం ఇదాయుకు ఇప్పించింది రొగయాయే. పెద్దమ్మా కూతురూ ఆసుపత్రికి వెళ్ళారు, పోలీసులకు ఫిర్యాదు ఇచ్చారు. సోమవారం మహిళా ఇన్‌స్పెక్టర్ వచ్చి ఇదాయు వాంగ్మూలం తీసుకోవాలి. ఈలోగా, శనివారం మధ్యాహ్నం నమాజు అయ్యీ కాకముందే, కారు వచ్చింది.

కారు కంటే ముందు పసుపు వాసన వచ్చింది. రొగయాకు అప్పుడే అర్థమై ఉండాల్సింది.

సల్బియా చనిపోయిన భర్తకు అన్న అయిన హాజీ సర్బినీ, ఆయన భార్య కల్సోమ్ పొద్దున్నే వచ్చారు. "చుట్టాలొస్తున్నారట కదా, ఒక చెయ్యి వేద్దామని" అంటూ కల్సోమ్ తిన్నగా వంటింట్లోకి నడిచింది. ఆవిడ మంచిదే, సల్బియా జబ్బులో ఉన్నప్పుడు గంజి కాచి తెచ్చిన మనిషి. రొగయా అడ్డు చెప్పలేదు. కాసేపటికి కొబ్బరిపాలలో ఉడుకుతున్న పసుపు వాసన హాల్లోకి పాకింది. వెళ్ళి చూస్తే, ఆవిరి గిన్నె నిండా పచ్చని జిగురన్నం.

"వదినా, ఇదెవరికి?"

"వచ్చేవాళ్ళకే."

"పసుపన్నం శుభకార్యానికి వండుతాం. ఈ ఇంట్లో శుభం ఏముంది?"

కల్సోమ్ గిన్నె మీంచి తల ఎత్తలేదు. "మీ అన్నగారు వండమన్నారమ్మా. నేను వండాను. నన్నడగొద్దు."

రొగయా గోడ కొక్కేనికి వేలాడుతున్న సల్బియా తలముసుగును ఒకసారి చూసింది. దాన్ని తీసి పెట్టెలో పెట్టాలని రోజూ అనుకుంటుంది. రోజూ అక్కడే ఉంటుంది. తిరిగి మధ్యగదిలోకి వెళ్ళింది. మంచం మీద కల్సోమ్ ఇస్త్రీ చేసి పరిచిన గులాబీ రంగు కొత్త బట్టలున్నాయి. ఇదాయు వాటికి దూరంగా, కిటికీ పక్కన, పాత స్కూలు రోజుల నాటి గోధుమరంగు బట్టల్లోనే కూర్చుని ఉంది.

"నువ్వు బయటికి రానక్కర్లేదు."

"రాను. కానీ తలుపు వెయ్యకు పెద్దమ్మా. నా గురించి ఏం మాట్లాడుకుంటారో నాకు వినపడాలి."

రొగయా తలుపు తెరిచే ఉంచింది. తెర మాత్రం లాగింది.

వచ్చినవాళ్ళు ముగ్గురు. ముందు దాతిన్ మర్లియా, ఊదారంగు పట్టు, మెత్తని నవ్వు. వెనక ఆవిడ మేనమామ, మారోఫ్ తాత, చేతికర్ర టకటకలాడిస్తూ. ఆ వెనక బూడిదరంగు బట్టల్లో సన్నటి ఆడమనిషి, ముప్ఫై ఏళ్ళుంటాయేమో. ఆమె చేతుల్లో ఒక చిన్న పళ్ళెం, ఎర్రబట్ట కప్పిన ఇత్తడి పెట్టె. తమలపాకులు, సున్నం, వక్క, కాచు, లవంగాలు అందులో ఉంటాయి. పిల్ల తరఫువాళ్ళు అందులోంచి ఒక ఆకు తీసుకున్నారా, మాట ఇచ్చినట్టే. పెట్టె మూతపెట్టినట్టే తిరిగి వెళ్ళిందా, మాట కుదరనట్టే. నోటితో ఎవరూ కాదనరు, ఎవరి మొహమూ చిన్నబోదు.

"మా కోడలు, వాహిదా" అంది దాతిన్ చాప మీద కూర్చుంటూ.

దాతిన్ పెద్దకొడుకు ఎక్కడో సముద్రం అవతల సబా రాష్ట్రంలో ఉంటాడని రొగయా విన్నది. ఆయన భార్య కాబోలు అనుకుంది.

ఇలాంటి మాటలకు పెళ్ళికొడుకు లోపలికి రాడు, అది పద్ధతి. ఫైరూజ్ కారులోనే ఉన్నాడు. రంబుటాన్ చెట్టు కింద కారు ఇంజను ఆపకుండా గురగురలాడుతూనే ఉంది. ఏసీ కోసమేమో. ఆకాశం నది మీదకు దిగి నల్లగా ఉంది, గాలి లేదు.

మారోఫ్ తాత గొంతు సవరించుకున్నాడు. ఈ పని ఆయనకు ఇష్టమని తెలుస్తూనే ఉంది. "దూరం నుంచి వచ్చాం తల్లీ. మీ తోటలో ఒక పువ్వు విరిసిందని విన్నాం. ఆ పువ్వుకు కంచె వేశారా, ఇంకా ఎవరైనా కోసుకోవచ్చా అని..."

"కంచె లేదు, లేదు" అన్నాడు సర్బినీ ఆయన మాట పూర్తికాకుండానే.

"కాస్త ఆగవయ్యా, నన్ను ముగించనీ" అన్నాడు తాత నొచ్చుకుని. "ఇంకా తుమ్మెద దగ్గరికే రాలేదు నేను."

వేరే ఇంట్లో అయితే అందరూ నవ్వేవాళ్ళు. రొగయా ఎన్నో ఏళ్ళుగా తరగతిలో పిల్లలకు నేర్పే మాటలివి. పువ్వు, తోట, తుమ్మెద. ఈ మాటల మర్యాద ఆమెకు ఇష్టం. ఈరోజు అవి దుప్పటి కప్పినట్టు అనిపించాయి. కింద ఉన్నది ఎవరికీ కనపడకుండా.

"తాతగారూ, మా పువ్వుకు మాటలొచ్చు" అంది నెమ్మదిగా. "పోలీసుల ముందు ఒకసారి మాట్లాడింది. సోమవారం మళ్ళీ మాట్లాడుతుంది."

తాత కర్ర వంక చూసుకున్నాడు. సర్బినీ మొహం ఎర్రబడింది. దాతిన్ మాత్రం నవ్వింది.

"నిజమే, మనమధ్య పువ్వులెందుకు టీచర్? వాహిదా, ఆ పళ్ళెం ఇటివ్వమ్మా."

వాహిదా ఒక చేత్తో పెట్టెను ఒడిలోనే పట్టుకుని, రెండో చేత్తో పక్కనున్న చిన్న పళ్ళెం ముందుకు జరిపింది. జరీ లేసు, కాగితం గులాబీలు. వాటి మధ్య విసనకర్ర ఆకారంలో మడిచిన పట్టుగుడ్డ మీద ఒక పుస్తకం. 'ఆ వాన నాది'. రచన, రొగయా. బంగారు అక్షరాలతో కొత్త అట్ట.

"కొత్త ముద్రణ. మొదటి ప్రతి మీకే తెచ్చాను. పిల్లకిచ్చే కానుకల్లో పెడితే బాగుంటుందని ఫైరూజే అన్నాడు."

రొగయా పుస్తకాన్ని ముట్టుకోలేదు.

"మీ కొత్త రాతప్రతి కూడా చదివాను" అంది దాతిన్, ఆఫీసులో కూర్చున్నంత తీరుబడిగా. "మంచి కథ. కానీ ఆ రాత్రి ఏది? తలుపు మూసేశారు. చదివేవాళ్ళు వరండాలో నిలబడిపోయారు, పాపం."

"వరండా చాలు. లోపల వాళ్ళకేం పని?"

"లోపలికి పిలవకపోతే ఎందుకు కొంటారండీ?"

"తెల్లారి ఆ పిల్ల తలుపు తీసుకుని బయటికొస్తుంది. అక్కణ్ణుంచి రాశాను. నీళ్ళ గ్లాసు పట్టుకోలేకపోవడం, తలుపు గడియ మళ్ళీ మళ్ళీ చూసుకోవడం, అవన్నీ ఉన్నాయి. చదివేవాళ్ళు ఆ పిల్ల పక్కన ఉండాలి. ఆ గదిలో వాడి పక్కన కాదు."

"తర్వాతేమో ఆసుపత్రి, స్టేషను, కోర్టు. ఇది ప్రేమకథా, కేసు కట్టా? ప్రేమ ఎక్కడుంది?"

"ఉంది. రేవు దాటించే పడవలో."

"ఆ పడవవాడా!" దాతిన్ మేనమామ వైపు తిరిగింది. "వినండి మామయ్యా. ఒకడు వచ్చి, పక్కన కూర్చోవచ్చా అని అడుగుతాడట. ఈమె వద్దంటుందట. వాడు లేచి అటు చివరికి పోయి కూర్చుంటాడట. అదీ మన టీచర్‌గారి ప్రేమ!"

"మరి పాపం ఎప్పుడు కూర్చుంటాడు?" అన్నాడు తాత నిజంగానే ఆసక్తిగా.

"ఆమె రమ్మన్నప్పుడు" అంది రొగయా.

తెర వెనక ఏదో కదిలింది. మంచం కిర్రుమనిందేమో. బయట ఇంజను గురగురలాడుతూనే ఉంది.

దాతిన్ పళ్ళెంలోని పుస్తకాన్ని వేలితో ముందుకు నెట్టింది. "ఇందులో ఎవరు రమ్మన్నారు చెప్పండి? వానలో ఇల్లు చేరతారు. వాడికి కోపం, ఆమెకు భయం. తెల్లారి వాడు తన చొక్కా తీసి ఆమెకు కప్పుతాడు. పెళ్ళవుతుంది. చివరికి వాడికి జ్వరమొస్తే ఈమే తడిగుడ్డ వేస్తుంది. ఎంతమంది ఏడ్చారండీ ఆ జ్వరానికి! మన పిల్లల దగ్గరికి వచ్చేసరికి ఆ రచయిత్రి ఎటు పోయింది?"

"అదే నేనూ అడుగుతున్నాను" అన్నాడు సర్బినీ. "పుస్తకంలో ఒప్పు, మనింట్లో తప్పా?"

"పుస్తకంలోనూ తప్పే అన్నగారూ. అందుకే ఈ కొత్తది రాశాను."

"నీ రాతలు నీ ఇష్టం. ఇది మా తమ్ముడి రక్తం. తండ్రి లేడు, తల్లి పోయింది. నికాలో పిల్లను అప్పగించాల్సినవాణ్ణి నేను. రేపు ఊళ్ళో ఎవరైనా వేలెత్తి చూపిస్తే, ఎవరిని చూపిస్తారు? నన్ను. కోర్టులో ప్రతివాడూ దాని పేరు పలుకుతుంటే నేను మసీదు మొదటి వరసలో ఎలా నిలబడను? పెళ్ళయితే నోళ్ళు మూతపడతాయి. ఫిర్యాదు వెనక్కి తీసుకుంటే పిల్లకూ శాంతి."

ఆయన గొంతులో కపటం లేదు. భయం ఉంది. కపటమైతే ఎదిరించడం సులువు. రొగయాకు చెల్లెలు గుర్తొచ్చింది. సల్బియా ఉంటే ఈ మనిషికి మంచినీళ్ళిచ్చి, కూర్చోబెట్టి, తర్వాత ఒక్క మాటలో నోరు మూయించేది. రొగయాకు మాటలు రాయడం వచ్చు గానీ అలా విసరడం రాదు.

"మావాడు చెడ్డవాడు కాదు టీచర్" దాతిన్ గొంతు తగ్గించింది. "స్కూలు పుస్తకాలే చదవనివాడు, మీ నవల రెండుసార్లు చదివాడు. ఒకరోజు వచ్చి నన్నడిగాడు, 'అమ్మా, చివరికి ఆమె క్షమిస్తుంది కదా, నిజంగా ఆడవాళ్ళు అలా క్షమిస్తారా' అని. అంత లేత మనసు."

"ఎప్పుడడిగాడు?"

"రంజాన్ నెలలోనే. ఉపవాసం విడిచి కూర్చున్నాం. నేను ఖర్జూరాలు..."

దాతిన్ ఆగిపోయింది. పట్టుముసుగు అంచును సరిచేసుకుంది.

ఇదాయుకు అది జరిగింది పండుగ అయ్యాక, ఆఫీసు మళ్ళీ తెరిచిన వారంలో. ఆ సంగతి ఫిర్యాదులో ఉంది, సర్బినీ దాన్ని చదివాడు. రొగయా ఆయన వైపు చూసింది. ఆయన ఫ్యాను వైపు చూస్తున్నాడు.

"అంటే ముందే అడిగాడు" అంది రొగయా.

"పిల్లల మాటలకు తేదీలు వెతుకుతారా?" దాతిన్ నవ్వు మళ్ళీ తెచ్చుకుంది. ఈసారి అది మెత్తగా లేదు. "మీకింకా అనుమానమైతే దీన్నడగండి. ఇదీ మా ఆఫీసులో ప్రూఫులు దిద్దిన పిల్లే. మా ఇంటికి వచ్చినరోజు కళ్ళు వాచిపోయి ఉన్నాయి. మూడురోజులు అన్నం ముట్టలేదు. ఇప్పుడు చూడండి ఎలా ఉందో. చెప్పు వాహిదా."

వాహిదా ముందు అత్తగారి మొహం చూసింది. తర్వాత చాప చూసింది. "సుఖంగా ఉన్నాను."

తరగతి గదిలో ఈ గొంతు రొగయా చాలాసార్లు విన్నది. ఇంట్లో దెబ్బలు తిని వచ్చిన పిల్లలు, మెట్లమీంచి పడ్డామని చెప్పే గొంతు.

"ఎన్నాళ్ళయింది తల్లీ పెళ్ళయి?"

"మా ఇంటి సంగతులు తర్వాత తీరిగ్గా మాట్లాడుకోవచ్చు" అంది దాతిన్. "మబ్బు పట్టింది. తాంబూలం తీసుకుంటే మేం బయల్దేరతాం. పెట్టె ముందుకు పెట్టు వాహిదా."

వంటింటి గుమ్మంలో కల్సోమ్ పసుపన్నం పళ్ళెంతో నిలబడి ఉంది. లోపలికి రావాలో వద్దో తెలియనట్టు. సర్బినీ బిస్మిల్లా అని గొణుక్కుంటూ చెయ్యి చాచాడు.

"అన్నగారూ, వద్దు" రొగయా మోకాళ్ళ మీద లేచింది. "మీరు ఆకు తీసుకుంటే..."

"నువ్వు తల్లి తరఫుదానివి. ఈ మాట నాది."

చాచిన చెయ్యి అలాగే ఉండిపోయింది. పెట్టె ముందుకు రాలేదు. వాహిదా దాన్ని ఒడిలోకి ఇంకా దగ్గరగా లాక్కుంది. రెండు చేతులూ మూత మీద ఉన్నాయి.

"వాహిదా" అంది దాతిన్.

"నా పళ్ళెంలో కూడా ఈ పుస్తకమే పెట్టారు టీచర్" అంది వాహిదా. కొత్తగా మాటలు నేర్చినట్టు, ఒక్కొక్క మాటా దింపుతోంది. "పాత అట్టతో. నీలం అట్ట, వాన చినుకులు. మా నాన్న ఈ పెట్టెలోంచే ఆకు తీసుకున్నాడు. పెళ్ళయ్యాక చాలాసార్లు చదివాను. ఆయనకు జ్వరమొచ్చే అధ్యాయం కోసం చూశాను. జ్వరాలొచ్చాయి. తడిగుడ్డలు వేశాను."

"పిల్లకు ప్రయాణం పడలేదు" దాతిన్ లేవబోయింది. "పొద్దుటి నుంచీ తలనొప్పి అంటోంది."

"నేనేం అనలేదు అత్తయ్యా. నన్నెవరూ అడగలేదు." వాహిదా తల ఎత్తి రొగయాను చూసింది. "ఇందాక మీరడిగారు. ఏడేళ్ళయింది. మీరు నన్ను పెద్దకోడలనుకుంటున్నారు కదా? ఆ బయట కారులో ఉన్నది నా మరిది కాదు. నా భర్త."

మారోఫ్ తాత కర్ర జారి నేలమీద పడింది. ఎవరూ తియ్యలేదు.

రొగయా సర్బినీ వైపు తిరిగింది. ఆయన మొహం చూస్తే చాలు, అడగనక్కర్లేదు. అయినా అడిగింది.

"మీకు తెలుసా?"

"ఆవిడ ఒప్పుకుందన్నారు" అన్నాడు సర్బినీ. "నేనే పట్టుబట్టాను. మొదటి భార్య ఇష్టం లేకపోతే కుదరదన్నాను. ఆవిడే స్వయంగా తాంబూలం పట్టుకురావాలన్నాను. రేపు గొడవలు రాకూడదని. న్యాయంగానే అడిగాను రొగయా, న్యాయంగానే..."

"అందుకే నన్ను తెచ్చారు" అంది వాహిదా. "నా చేతుల్లో పెట్టె ఉంటే, అది నా ఒప్పుదలట. రెండో నికాకు ఇక్కడ కోర్టు అనుమతి కావాలి, అక్కడ నన్ను ప్రశ్నలడుగుతారు. అందుకని ఇక్కడి కోర్టు వద్దు. థాయిలాండ్ సరిహద్దు దాటితే అవతల నికా చేసేవాళ్ళున్నారు. రేపే. సోమవారం మీ ఇన్‌స్పెక్టరమ్మ వచ్చేసరికి ఈ అమ్మాయి అతని భార్య. తాంబూలం అవగానే బయల్దేరాలని ఇంజను ఆపలేదు. వచ్చేదారిలో హాజీగారింట్లోంచి ఆయన సంచి డిక్కీలో పెట్టించారు."

కల్సోమ్ తల దించుకుంది. ఆ సంచి సర్దింది ఎవరో రొగయాకు అర్థమైంది. కల్సోమ్ ఏదో చెప్పబోయి, పసుపన్నం పళ్ళెం నేలమీద పెట్టి, ముసుగు అంచు నోట్లో కుక్కుకుంది.

"అయిపోయిందా?" దాతిన్ గొంతులో కోపం లేదు. అదే ఎక్కువ భయపెట్టింది. "నీ కొడుకు ఎవరింట్లో ఉన్నాడో గుర్తుందా వాహిదా? పొద్దున బయల్దేరేటప్పుడు ఎవరి ఒళ్ళో వదిలి వచ్చావు?"

వాహిదా పెదవులు తెల్లబడ్డాయి. మూత మీద వేళ్ళు సడలాయి. పెట్టె ఒడిలోంచి కొంచెం ముందుకు జారింది.

అప్పుడు తెర పక్కకు జరిగింది.

ఇదాయు వచ్చింది. గోధుమరంగు పాత బట్టలు, చేతులు బిగించి, నడక మెల్లగా. పెద్దనాన్నను చూడలేదు. దాతిన్‌ను చూడలేదు. వాహిదాకు కాస్త దూరంలో ఆగింది.

"అక్కా, నీ పక్కన కూర్చోనా?"

వాహిదా ఆమెను చూసింది. ఆ ప్రశ్న అర్థం కావడానికి ఆమెకు కొంతసేపు పట్టింది. తర్వాత తల ఊపి, చాప మీద జరిగి చోటిచ్చింది.

ఇదాయు కూర్చుంది. జారుతున్న పెట్టె మూత మీద, వాహిదా చేతుల మీద, తన చెయ్యి పెట్టింది. ఇక మూత కదల్లేదు.

"టీచర్, బాగా ఆలోచించుకోండి" అంది దాతిన్ లేచి నిలబడి. చేతిసంచిలోంచి ఫోను తీసి చెవికి కూడా పెట్టుకోలేదు, ఒక్కసారి నొక్కి మళ్ళీ సంచిలో వేసింది. "నేను మర్యాదగా వచ్చాను. వాడికి మర్యాదలు తెలియవు."

బయట ఇంజను ఆగింది.

అంతసేపూ వినపడుతూ వినపడకుండా ఉన్న ఆ గురగుర పోయేసరికి ఇల్లంతా ఖాళీ అయినట్టు అయింది. నది మీద ఎక్కడో మొదటి ఉరుము. కారు తలుపు తెరుచుకుని, మూసుకుంది. రంబుటాన్ ఆకుల మీద అడుగులు. తర్వాత చెక్కమెట్ల మీద.

ఈ ఊళ్ళో దొంగ కూడా మెట్ల దగ్గర చెప్పులు విడిచే లోపలికొస్తాడని సల్బియా నవ్వుతూ అనేది. రొగయా లేచి ఆ ఇద్దరమ్మాయిలకూ గుమ్మానికీ మధ్య నిలబడింది. మెట్ల మీద ఆగి, బూట్లు విప్పే చప్పుడు కోసం చెవి ఒగ్గింది.

ఆ చప్పుడు రాలేదు. అడుగులు వరండా దాటాయి.